ఊరూరా తిరిగిన క్యాచర్ మేనేజర్ ఎందుకవుతాడు?

2023 నవంబర్ 6న అమెరికా మేజర్ లీగ్ బేస్‌బాల్‌లో ఇద్దరు మాజీ క్యాచర్ల (బ్యాటర్ వెనక కూర్చుని బంతి పట్టేవాళ్లు) గురించి వార్తలు వచ్చాయి. క్లీవ్‌లాండ్ గార్డియన్స్ తమ కొత్త మేనేజర్‌గా స్టీఫెన్ వోట్‌ను ప్రకటించింది. వోట్‌కు అప్పుడే 39 నిండాయి. ఏడాది కిందటి దాకా ఆటగాడే. కోచ్‌గా ఒక్క సీజన్ చేశాడు, మేనేజర్‌గా మాత్రం ఎక్కడా ఒక్క రోజు కూడా పనిచేయలేదు. అదే రోజు షికాగో కబ్స్ తమ మేనేజర్ డేవిడ్ రాస్‌ను తప్పించి, మిల్వాకీ జట్టును నడిపిస్తున్న క్రెయిగ్ కౌన్సెల్‌ను తెచ్చుకుంది.

వోట్ ఆరు జట్లకు ఆడాడు, రాస్ ఏడు జట్లకు. ఒక చోట కుదురుకుని పేరు తెచ్చుకున్న స్టార్లు కారు ఇద్దరూ. పెట్టే బేడా సర్దుకుని ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి తిరిగినవాళ్లు. అమెరికాలో ఇలాంటివాళ్లను జర్నీమన్ ఆటగాళ్లంటారు. వాళ్లలోనూ క్యాచర్లకు పెద్ద జట్ల పగ్గాలు దొరకడం బేస్‌బాల్‌లో ఎన్నో ఏళ్లుగా జరుగుతున్నదే. వోట్ కెరీర్‌లో కొట్టిన సగటు 0.239. అంటే వెయ్యి ప్రయత్నాలకు 239 హిట్లు (బంతిని కొట్టి అవుట్ కాకుండా బేస్ అనే మజిలీకి చేరడం). ఈ అంకెతో గొప్ప బ్యాటర్ల జాబితాలో చోటు దొరకదు. అలాంటివాణ్ని పిలిచి కోట్ల డాలర్ల జట్టును చేతిలో ఎందుకు పెడతారు?

దీనికి జవాబు సగం బేస్‌బాల్ ఒప్పందాల నిబంధనల్లో ఉంది, సగం క్యాచర్ చేసే పనిలో ఉంది. ఆ రెండూ విడివిడిగా చూస్తే తప్ప అర్థం కావు. ముందుగా ఒక్క మాట. బేస్‌బాల్‌లో మేనేజర్ ఆఫీసులో కూర్చుని ఒప్పందాలు చూసేవాడు కాదు, హెడ్ కోచ్. ఆటగాళ్లలాగే యూనిఫాం వేసుకుని డగౌట్‌లో నిలబడతాడు. ఎవరు ఏ వరుసలో బ్యాటింగ్ చేయాలి, బంతి విసిరే పిచ్చర్‌ను ఎప్పుడు మార్చాలి, ఎవరికి విశ్రాంతి ఇవ్వాలి అన్నవి అతని నిర్ణయాలే. సీజన్‌కు 162 మ్యాచ్‌లు. ఆరు నెలల పాటు దాదాపు రోజుకో మ్యాచ్.

ముప్పై రెండు సున్నాలు

వోట్ కాలిఫోర్నియాలోని వైసేలియాలో పుట్టాడు. అజూసా పసిఫిక్ అనే చిన్న క్రైస్తవ విశ్వవిద్యాలయంలో ఆడాడు. 2007 డ్రాఫ్ట్‌లో టాంపా బే రేస్ అతన్ని 12వ రౌండులో ఎంచుకుంది. డ్రాఫ్ట్ అంటే కొత్త కుర్రాళ్లను జట్లు వంతులవారీగా పంచుకునే పద్ధతి. 12వ రౌండు దాకా మిగిలినవాడి మీద ఎవరికీ పెద్ద ఆశలుండవు. మేజర్ లీగ్ కింద మైనర్ లీగులు మెట్లు మెట్లుగా ఉంటాయి. కింద రూకీ స్థాయి, ఆ పైన సింగిల్ ఏ, డబుల్ ఏ, అన్నిటికంటే పైన ట్రిపుల్ ఏ. వోట్ ఈ మెట్లన్నీ ఒక్కొక్కటే ఎక్కాడు. మధ్యలో భుజానికి శస్త్రచికిత్స జరిగి ఒక సీజన్ చాలావరకు పోయింది. అలబామాలోని మాంట్‌గోమరీ, నార్త్ కరోలినాలోని డరం దాటి 2012 ఏప్రిల్‌లో మేజర్ లీగ్‌లో అడుగుపెట్టేసరికి అతనికి 27 ఏళ్లు. స్టార్లు ఆ వయసుకు పెద్ద ఒప్పందాల మీద సంతకాలు చేస్తుంటారు.

అక్కడ మొదలైంది అసలు పరీక్ష. ఆ ఏడాది 18 మ్యాచ్‌లు ఆడి, 25 సార్లు బ్యాటింగ్ చేసి, ఒక్క హిట్ కూడా కొట్టలేకపోయాడు. మళ్లీ కిందికి పంపేశారు. 2013 ఏప్రిల్‌లో రేస్ అతన్ని ఓక్లాండ్ అథ్లెటిక్స్‌కు ఇచ్చేసింది. బదులుగా మరో ఆటగాణ్ని కూడా అడగలేదు, కొంత డబ్బు తీసుకుంది, అంతే. ఓక్లాండ్‌లోనూ మొదటి ఏడు ప్రయత్నాలు వృథాయే. మొత్తం 32 సున్నాలు. 2013 జూన్ 28న సెయింట్ లూయిస్ కార్డినల్స్ పిచ్చర్ జో కెల్లీ వేసిన బంతిని స్టాండ్స్‌లోకి కొట్టాడు. మేజర్ లీగ్‌లో అతని మొదటి హిట్ అదే, హోమ్ రన్.

ఈ ముచ్చట వోట్ గురించి రాసే ప్రతివారూ చెబుతారు. నాకు మాత్రం ఆ హోమ్ రన్ కన్నా అంతకుముందు గడిచిన పధ్నాలుగు నెలలే ముఖ్యమనిపిస్తాయి. హిట్ లేకుండా డగౌట్‌కు తిరిగొచ్చినవాడి మొహం ఎలా ఉంటుందో, అప్పుడు పక్కవాడు ఏం మాట్లాడితే బాగుంటుందో, ఏం మాట్లాడకూడదో పుస్తకాల్లో దొరకదు. ఇరవై రెండేళ్లకే స్టార్ అయినవాడికి అది తెలిసే అవకాశం తక్కువ.

జట్టు మారడం అతని చేతిలో ఉండదు

ఇక నిబంధనలు. మన ఐపీఎల్‌లో వేలంపాట చూసినవాళ్లకు ఆటగాడు జట్టు మారడం కొత్తేం కాదు. అమెరికా బేస్‌బాల్‌లో మాత్రం సీజన్ నడుస్తుండగానే, మంగళవారం ఒక జట్టులో ఉన్నవాడు బుధవారం ఇంకో జట్టులో తేలవచ్చు. పిల్లల బడి, ఇంటి అద్దె, భార్య ఉద్యోగం ఇవేవీ లెక్కలోకి రావు.

ప్రతి జట్టుకూ రెండు జాబితాలుంటాయి. మ్యాచ్‌లకు సిద్ధంగా ఉండే 26 మంది ఒక జాబితా. 2020కి ముందు ఇది 25. మిగిలినవాళ్లనూ కలుపుకుని జట్టు తన హక్కు కాపాడుకునే 40 మంది ఇంకో జాబితా. ఆ నలభైలో ఉన్నవాణ్ని జట్టు మూడు వేర్వేరు సీజన్లలో మైనర్ లీగ్‌కు దింపి మళ్లీ తెచ్చుకోవచ్చు. దీన్ని ఆప్షన్ అంటారు. ఒకప్పుడు ఒకే సీజన్‌లో ఎన్నిసార్లైనా దింపి ఎక్కించేవాళ్లు. 2022లో కుదిరిన కార్మిక ఒప్పందంలో దాన్ని సీజన్‌కు ఐదుసార్లకు కుదించారు. ఈ నిబంధన వెనక ఎంతమంది ఇళ్లు తారుమారయ్యాయో ఊహించుకోవచ్చు.

మూడు సీజన్ల ఆప్షన్లు అయిపోతే అతన్ని ఊరికే కిందికి పంపడం కుదరదు. ముందు మిగతా జట్లన్నిటికీ అవకాశం ఇవ్వాలి. దీన్నే వేవర్స్ అంటారు. ఎవరైనా కావాలంటే అతని ఒప్పందంతో సహా తీసుకుపోతారు. నలభైలోంచి ఒకణ్ని తీసి, అతన్ని ఏం చేయాలో తేల్చుకోవడానికి జట్టు తీసుకునే కొద్ది రోజుల గడువును డీఎఫ్ఏ అంటారు. ఇప్పుడు ఆ గడువు వారం. ఆ వారంలో అతన్ని వేరే జట్టుకు ఇవ్వవచ్చు, వేవర్స్‌లో పెట్టవచ్చు, పూర్తిగా వదిలేయవచ్చు. ఆ ఏడు రోజులూ ఆటగాడు ఫోన్ పట్టుకుని కూర్చోవాల్సిందే.

2015, 2016 సీజన్లలో వోట్ ఆల్‌స్టార్, అంటే లీగ్ మేటి ఆటగాళ్ల మ్యాచ్‌కు ఎంపికైనవాడు. ఓక్లాండ్ అభిమానులు స్టేడియంలో అతని పేరుతో ప్రత్యేకంగా నినాదమే కట్టారు, స్టీఫెన్ వోట్ మీద మాకు నమ్మకం ఉందని. ఏడాది తిరక్కుండానే, 2017 జూన్‌లో, అదే ఓక్లాండ్ అతన్ని డీఎఫ్ఏలో పెట్టింది. మిల్వాకీ బ్రూవర్స్ వేవర్స్ ద్వారా తీసుకుంది. 2018లో మళ్లీ భుజం. శస్త్రచికిత్స, సీజన్ మొత్తం గల్లంతు. 2019లో శాన్ ఫ్రాన్సిస్కో జెయింట్స్ అతనికి ఇచ్చింది మైనర్ లీగ్ ఒప్పందం మాత్రమే. రెండుసార్లు ఆల్‌స్టార్ అయినవాడు మళ్లీ ట్రయల్ మీద నిలబడి చోటు సంపాదించుకోవాలి. సంపాదించుకున్నాడు. 2020లో అరిజోనా. 2021 జులైలో, ప్రధాన క్యాచర్ గాయపడి ఇబ్బందిలో ఉన్న అట్లాంటా బ్రేవ్స్ అతన్ని తెచ్చుకుంది. సెప్టెంబర్‌లో తనే గాయపడ్డాడు. ఆ ఏడాది అట్లాంటా మేజర్ లీగ్ ఫైనలైన వరల్డ్ సిరీస్ గెలిచింది. వోట్ ఆ మ్యాచ్‌లన్నీ బయటి నుంచి చూశాడు.

అలా అయితే ఆటగాళ్లకు రక్షణే లేదా అంటే, ఉంది. మేజర్ లీగ్ జాబితాలో 172 రోజులుంటే ఒక సర్వీస్ ఏడాది. ఆరేళ్లు నిండితే ఫ్రీ ఏజెంట్, నచ్చిన జట్టుతో మాట్లాడుకోవచ్చు. పదేళ్ల సర్వీస్ ఉండి, అందులో చివరి ఐదేళ్లు ఒకే జట్టులో ఉంటే తనను వేరే జట్టుకు పంపడాన్ని అడ్డుకునే హక్కు వస్తుంది. చూడండి, ఇది ఎవరికి పనికొస్తుంది? ఒకే చోట పాతుకుపోయిన స్టార్‌కు. రెండు మూడేళ్లకోసారి జట్టు మారేవాడికి ఆ ఐదేళ్లు ఎప్పటికీ నిండవు. ఎవరికి రక్షణ ఎక్కువ అవసరమో వాళ్ల దాకా ఈ నిబంధన చేరదు.

అయినా ఎందుకు పట్టుకు వేలాడతారంటే డబ్బు ఒక ముఖ్య కారణం. 2023లో మేజర్ లీగ్ కనీస జీతం 7,20,000 డాలర్లు. అదే ఏడాది మైనర్ లీగ్ ఆటగాళ్లకు మొట్టమొదటిసారి సంఘం తరఫున ఒప్పందం కుదిరి, పై మెట్టయిన ట్రిపుల్ ఏలో కనీస జీతం 35,800 డాలర్లకు చేరింది. అంతకుముందు అందులో సగానికి అటూ ఇటూ ఉండేది. అంటే ఒక్క మెట్టు తేడాకు ఇరవై రెట్లు. మేజర్ లీగ్‌లో 43 రోజులు గడిపినా పింఛనుకు అర్హత వస్తుంది. కింద పదేళ్లు చెమటోడ్చి ఆ 43 రోజులు దొరకక వెళ్లిపోయినవాళ్లకు లెక్కే లేదు.

మాస్క్ వెనకాల

ఇప్పుడు క్యాచర్ సంగతికి వద్దాం. క్రికెట్ తెలిసిన మనకు చటుక్కున గుర్తొచ్చేది వికెట్ కీపర్. పోలిక కొంతవరకే నిలబడుతుంది. కీపర్ బౌలర్‌కు సలహా ఇస్తాడు, క్యాచర్ దాదాపు ప్రతి బంతినీ తానే ఎంచుతాడు. ఫాస్ట్‌బాల్ వేయాలా, కర్వ్ వేయాలా, లోపలికా, బయటికా అని గొంతుకూర్చుని కాళ్ల మధ్య వేళ్లతో సైగ చేసేవాడు. 2022 నుంచి పిచ్‌కామ్ అనే చిన్న బటన్ల పరికరం వచ్చింది, నొక్కితే పిచ్చర్ టోపీలో వినిపిస్తుంది. సైగ మారింది కానీ పని మారలేదు. పిచ్చర్ తలూపాలి, లేదా కాదనాలి. కాదంటే ఇంకోటి చెప్పాలి. ఇలా ఒక మ్యాచ్‌లో నూటికి పైగా సార్లు.

మైదానంలో మిగతా ఎనిమిది మందీ బ్యాటర్ వైపు చూస్తూ నిలబడతారు. క్యాచర్ ఒక్కడే వాళ్లందరికీ ఎదురుగా కూర్చుంటాడు. ఎవరు ఎక్కడ నిలబడ్డారో, బేస్ మీద ఉన్న ప్రత్యర్థి ఎంత దూరం జరిగాడో, పిచ్చర్ మోచేయి కిందికి జారుతోందో లేదో అన్నీ కనిపిస్తాయి. వెనక అంపైర్, ముందు ప్రత్యర్థి బ్యాటర్. ఇద్దరితోనూ మాటలు నడుస్తుంటాయి. అంపైర్‌తో మర్యాదగా వాదించడం కూడా ఇక్కడే నేర్చుకుంటారు.

2013 అక్టోబర్ 5 రాత్రి ఓక్లాండ్‌లో జరిగిన మ్యాచ్ చూస్తే ఈ పని ఎలా ఉంటుందో తెలుస్తుంది. ప్లేఆఫ్స్‌లో డెట్రాయిట్ టైగర్స్‌తో రెండో మ్యాచ్. అటువైపు జస్టిన్ వెర్లాండర్, అప్పటికే దిగ్గజం. ఇటు సోనీ గ్రే, మేజర్ లీగ్‌లోకి వచ్చి మూడు నెలలు కూడా కాని కుర్రాడు. అతనికి బంతులు ఎంచి ఇచ్చింది వోట్, అతనికీ అది మొదటి పూర్తిస్థాయి అవకాశం. బేస్‌బాల్ మ్యాచ్‌కు తొమ్మిది ఇన్నింగ్స్‌లు. ఎనిమిది ఇన్నింగ్స్‌లలో గ్రే ఒక్క పరుగూ ఇవ్వలేదు. వెర్లాండర్ కూడా తన ఏడు ఇన్నింగ్స్‌లలో ఇవ్వలేదు. తొమ్మిదో ఇన్నింగ్స్‌లో బేస్‌లన్నీ నిండి ఉండగా వోట్ కొట్టిన హిట్‌తో ఓక్లాండ్ 1-0తో గెలిచింది. జనం గుర్తుపెట్టుకున్నది ఆ చివరి హిట్‌నే. సున్నా దగ్గర ఆగిపోయిన డెట్రాయిట్ స్కోరు వెనక కూడా వోట్ కష్టం ఉంది. పెద్ద వేదిక మీద మొదటిసారి నిలబడ్డ కుర్రాడికి టెన్షన్ పెరగకుండా, వంద బంతుల పాటు ఒక్కో నిర్ణయంలోనూ తోడుగా ఉండటం దాదాపు మేనేజర్ పనే.

గొంతుకూర్చుని గంటల తరబడి ఆడే క్యాచర్‌కు మోకాళ్లు రోజూ సహకరించవు. అందుకే ప్రతి జట్టుకూ రెండో క్యాచర్ తప్పనిసరి. ఊరూరా తిరిగే క్యాచర్లకు ఎక్కువగా దొరికేది ఈ రెండో స్థానమే. ప్రధాన క్యాచర్ ఆడే రోజుల్లో అతను డగౌట్‌లో కోచ్‌ల పక్కన కూర్చుంటాడు. లేదంటే బుల్‌పెన్‌లో, అంటే పిచ్చర్లు చేయి వేడెక్కించుకునే చోట, వాళ్లు వేసే బంతులు పడతాడు. సీజన్‌లో సగానికి పైగా రోజులు మ్యాచ్ చూస్తూ, తర్వాత ఏం జరగబోతుందో మనసులో లెక్క వేసుకుంటూ గడుస్తాయి. ఎవరూ పేరు పెట్టని శిక్షణ ఇది. జట్టు మారినప్పుడల్లా పదిమందికి పైగా కొత్త పిచ్చర్ల అలవాట్లు, భయాలు, కోపాలు మళ్లీ మొదటి నుంచి నేర్చుకోవాలి. డొమినికన్ రిపబ్లిక్ నుంచి, వెనెజువెలా నుంచి, జపాన్ నుంచి వచ్చినవాళ్లతో భాష రాకపోయినా కుదుర్చుకోవాలి. ఒకే జట్టులో పదిహేనేళ్లున్నవాడికి ఈ అవసరమే రాదు.

ఏడుగురు గురువులు

వోట్ కెరీర్‌లో నాకు అన్నిటికన్నా ఆసక్తిగా అనిపించేది ఒకటుంది. ఎవరెవరి కింద ఆడాడో చూడండి. టాంపాలో జో మాడన్, ఓక్లాండ్‌లో బాబ్ మెల్విన్, మిల్వాకీలో కౌన్సెల్, శాన్ ఫ్రాన్సిస్కోలో బ్రూస్ బోచీ, అరిజోనాలో టోరీ లవులో, అట్లాంటాలో బ్రయన్ స్నిట్కర్, చివరి ఏడాది ఓక్లాండ్‌లో మార్క్ కాట్సే. మొత్తం ఏడుగురు మేనేజర్లు. వీళ్లలో మాడన్, మెల్విన్, బోచీ, స్నిట్కర్ నలుగురూ ఒకప్పటి క్యాచర్లే. మాడన్, స్నిట్కర్ అయితే ఆటగాళ్లుగా మైనర్ లీగ్ దాటలేదు. మెల్విన్ పది సీజన్లలో ఏడు జట్లు మారాడు. ఆ తర్వాత మూడుసార్లు ఉత్తమ మేనేజర్ పురస్కారం అందుకున్నాడు. బోచీ చిత్రంగా వోట్‌తో సరిగ్గా సరిపోతాడు. అతనూ రెండో క్యాచరే, అతని కెరీర్ సగటూ 0.239. మేనేజర్‌గా నాలుగు వరల్డ్ సిరీస్‌లు గెలిచాడు, మూడు శాన్ ఫ్రాన్సిస్కోతో, నాలుగోది 2023లో టెక్సస్ రేంజర్స్‌తో. ఆ 2023 ఫైనల్‌లో బోచీ ఓడించింది లవులో నడిపిన అరిజోనాను. ఆ సిరీస్ ముగిసిన ఐదు రోజులకే క్లీవ్‌లాండ్ వోట్ పేరు ప్రకటించింది. అంటే ఫైనల్లో రెండు డగౌట్లలో నిలబడ్డవాళ్లూ వోట్‌కు పాత గురువులే.

జట్టు మారడం వోట్ కోరుకున్నది కాదు. కానీ అలా మారకపోతే ఇంతమందిని దగ్గరగా చూసే అవకాశం ఏ శిక్షణ సంస్థా ఇవ్వలేదు. ఒకరు ఓడిన రాత్రి ఎలా మాట్లాడతారు, ఒకరు బెంచీ మీద కూర్చోబెట్టే ముందు కారణం చెబుతారా చెప్పరా, ఒకరు గణాంకాల కాగితాలను ఎంతవరకు నమ్ముతారు, ఇవన్నీ పోల్చి చూసుకోగలిగాడు. డీఎఫ్ఏ కబురు ఏ మాటలతో చెబితే మనిషికి తక్కువ బాధ కలుగుతుందో కూడా అతనికి స్వయంగా తెలుసు. మేనేజర్ అయ్యాక ఆ కబురు చెప్పాల్సింది తనే.

2022 అక్టోబర్ 5న ఓక్లాండ్‌లో ఆఖరి మ్యాచ్ ఆడాడు. బ్యాటింగ్‌కు వస్తుంటే స్టేడియం మైకులో అతని పేరు పలికింది అతని ముగ్గురు పిల్లలు. ఆ మ్యాచ్‌లో చివరి ప్రయత్నంలో మళ్లీ హోమ్ రన్ కొట్టాడు. మొదటి హిట్టూ హోమ్ రనే, చివరి హిట్టూ హోమ్ రనే. 2023లో సియాటిల్ మెరైనర్స్ బుల్‌పెన్ కోచ్‌గా తీసుకుంది. అక్కడి మేనేజర్ స్కాట్ సర్వైస్ కూడా పాత క్యాచరే.

మేనేజర్ పని మారిన తీరు

ఇక్కడ ఇంకో ముడి విప్పాలి. అనుభవమే ముఖ్యమైతే ఇరవై ఏళ్లు కోచింగ్ చేసినవాళ్లు ఉండగా ఒక్క ఏడాది చేసినవాడికి పదవి ఎందుకు?

ఎందుకంటే పదవి మారిపోయింది. పాతికేళ్ల కిందట వ్యూహం మేనేజర్ తలలో ఉండేది. ఇప్పుడు ప్రతి జట్టు కార్యాలయంలోనూ గణితం, కంప్యూటర్ సైన్స్ చదివినవాళ్ల బృందాలున్నాయి. ఏ బ్యాటర్‌కు ఏ బంతి వేయాలో, ఏ పిచ్చర్ రెండోసారి అదే బ్యాటర్లను ఎదుర్కొంటే ఎంత నష్టమో వాళ్లు లెక్కగట్టి పంపుతారు. మ్యాచ్ మొదలవకముందే సగం నిర్ణయాలకు లెక్కలు సిద్ధం. ఆ లెక్కను ఇరవై రెండేళ్ల కుర్రాడికి, ముప్పై ఎనిమిదేళ్ల సీనియర్‌కు ఇద్దరికీ నచ్చేలా చెప్పడం, వాళ్లు కాదంటే వాళ్ల మాటను పై అంతస్తుకు చేరవేయడం ఇప్పుడు మేనేజర్ ముఖ్యమైన పని. క్యాచర్ కెరీర్ అంతా చేసింది అదే. కోచ్‌ల గది నుంచి వచ్చిన కాగితాన్ని పిచ్చర్‌కు అర్థమయ్యే నాలుగు మాటల్లోకి మార్చి చెప్పడం.

2024లో క్లీవ్‌లాండ్ దీనికి మంచి పరీక్ష అయింది. తక్కువ ఖర్చుతో నడిచే జట్టు, ఎక్కువమంది కుర్రాళ్లు. ప్రధాన పిచ్చర్ షేన్ బీబర్ రెండు మ్యాచ్‌లకే మోచేయి శస్త్రచికిత్సకు వెళ్లిపోయాడు. మ్యాచ్ మొదలుపెట్టే పిచ్చర్లు తక్కువైనప్పుడు భారం బుల్‌పెన్ మీద, అంటే మధ్యలో దిగే పిచ్చర్ల మీద, పడుతుంది. అంతకుముందు ఏడాది వోట్ చేసిన ఉద్యోగం బుల్‌పెన్‌లోనే. ఆ సీజన్ ముగిసేసరికి క్లీవ్‌లాండ్ బుల్‌పెన్ తొమ్మిది ఇన్నింగ్స్‌లకు సగటున ఇచ్చిన పరుగులు 2.57. మేజర్ లీగ్ మొత్తంలో అదే అత్యుత్తమం. జట్టు 92 మ్యాచ్‌లు గెలిచి తన డివిజన్ (లీగ్‌లో తను ఉన్న జట్ల విభాగం) దక్కించుకుంది.

అక్టోబర్ 17న న్యూయార్క్ యాంకీస్‌తో లీగ్ ఛాంపియన్‌షిప్ (వరల్డ్ సిరీస్‌కు ముందు మెట్టు) మూడో మ్యాచ్. జట్టు ప్రధానాస్త్రం ఇమాన్యుయెల్ క్లాసే ఎనిమిదో ఇన్నింగ్స్‌లో ఆరన్ జడ్జ్‌కు, జాన్‌కార్లో స్టాంటన్‌కు హోమ్ రన్లు ఇచ్చేశాడు. తొమ్మిదో ఇన్నింగ్స్‌లో ఇద్దరు అవుట్. రెండు పరుగులు వెనకబడి ఉన్నారు. బేస్ మీద ఒక్కడున్నాడు. వోట్ బెంచీ మీద నుంచి యోంకెన్సీ నోయెల్‌ను పంపాడు. చేతికి చిక్కితే ఎంత దూరమైనా కొడతాడు, చిక్కకపోతే సులువుగా అవుటైపోతాడు. కొట్టాడు, స్కోరు సమం. పదో ఇన్నింగ్స్‌లో డేవిడ్ ఫ్రై హోమ్ రన్‌తో గెలిచారు. సిరీస్ 4-1తో పోయింది కానీ, మేజర్ లీగ్‌లోని రెండు భాగాల్లో ఒకటైన అమెరికన్ లీగ్ ఉత్తమ మేనేజర్ పురస్కారం వోట్‌కు వచ్చింది.

2025 ఇంకా కష్టంగా గడిచింది. జూన్ చివర, జులై మొదట్లో వరసగా పది ఓటములు. గెలుపోటముల లెక్కలో డెట్రాయిట్‌కు పదిహేనున్నర మ్యాచ్‌లు వెనకబడ్డారు. జులైలోనే ఇద్దరు పిచ్చర్లు, లూయిస్ ఓర్టిజ్, ఆ తర్వాత క్లాసే, పందేల దర్యాప్తు కారణంగా జట్టుకు దూరమయ్యారు. అక్కడి నుంచి లేచి 88 విజయాలతో డివిజన్ గెలిచారు. అంత లోటు పూడ్చుకుని డివిజన్ గెలిచిన జట్టు మేజర్ లీగ్ చరిత్రలో ఇంకోటి లేదు. ప్లేఆఫ్స్ మొదటి రౌండులో మళ్లీ అదే డెట్రాయిట్ చేతిలో 2-1తో ఓడారు. వోట్‌కు వరసగా రెండోసారి పురస్కారం దక్కింది.

దీన్నొక సూత్రంగా మార్చేస్తే

ఇంత చెప్పాక కూడా, తిరిగిన క్యాచర్ అయితే చాలు మంచి మేనేజర్ అవుతాడంటే నేను ఒప్పుకోను. డేవిడ్ రాస్ దగ్గర వోట్‌కు ఉన్నవన్నీ ఉన్నాయి. 2016 వరల్డ్ సిరీస్ ఏడో మ్యాచ్‌లో, 39 ఏళ్ల వయసులో, తన ఆఖరి ఆటలో హోమ్ రన్ కొట్టిన మనిషి. జాన్ లెస్టర్ లాంటి పిచ్చర్ కోరి కోరి అతనితోనే ఆడేవాడు. 2020లో కబ్స్ మేనేజర్‌గా మొదటి ఏడాదే డివిజన్ గెలిచాడు. తర్వాత యాజమాన్యం పేరున్న ఆటగాళ్లను ఒక్కొక్కరినీ వదిలేసి జట్టును మళ్లీ మొదటి నుంచి కట్టింది. నాలుగేళ్ల లెక్క 262 గెలుపులు, 284 ఓటములు. ఆ ఓటముల్లో అతని వాటా ఎంత, జట్టు వాటా ఎంత అని విడదీయడం కష్టం. వోట్ గెలుపులకూ ఇదే న్యాయం వర్తిస్తుంది. క్లీవ్‌లాండ్‌కు పిచ్చర్లను తయారుచేసే మంచి వ్యవస్థ వోట్ రాకముందు నుంచే ఉంది. అతనికి ముందు మేనేజర్ టెరీ ఫ్రాంకోనా పదకొండేళ్లు నిలబెట్టి వెళ్లిన వాతావరణం ఉంది. హోసే రమిరెజ్ లాంటి ఆటగాడున్నాడు.

గెలిచినవాళ్లనే లెక్కపెడితే ఏ దారైనా రాజమార్గంలా కనిపిస్తుంది. వోట్‌తో పాటు రేస్ మైనర్ లీగుల్లో ఆడిన క్యాచర్లలో క్రెయిగ్ ఆల్బర్నాజ్ ఒకడు. డ్రాఫ్ట్‌లో అతన్ని ఎవరూ ఎంచుకోలేదు. మేజర్ లీగ్‌లో ఒక్క మ్యాచ్ కూడా ఆడలేదు. కోచింగ్‌లోకి వెళ్లి, 2024లో క్లీవ్‌లాండ్‌కు వచ్చి వోట్ పక్కన నిలబడ్డాడు. 2025 అక్టోబర్‌లో బాల్టిమోర్ ఓరియోల్స్ అతన్ని మేనేజర్‌గా తీసుకుంది. మన దగ్గర హైదరాబాద్ తరఫున రంజీ ఆడి, భారత జట్టుకు ఒక్క మ్యాచ్ కూడా ఆడకపోయినా 2014 నుంచి 2021 దాకా భారత ఫీల్డింగ్ కోచ్‌గా పనిచేసిన ఆర్. శ్రీధర్‌ను చూసినవాళ్లకు ఈ ప్రయాణం పరిచయమైనదే. ఆటలో ఎంత ఎత్తుకు ఎదిగాడన్నది ఒక లెక్క, ఆటను ఎంత లోతుగా చూశాడన్నది ఇంకో లెక్క. జట్లు ఈ రెండింటినీ వేరుగా చూడటం మంచిదే. నా ఫిర్యాదల్లా ఒకటే. ఆటగాడిగా తిరిగిన ఏళ్లలో అరకొర జీతమిచ్చి, ఆ తిరుగుడు నేర్పిన విద్యను తర్వాత జట్లు ఉచితంగా వాడుకుంటున్నాయి. కోచ్ కావాలనుకునే మైనర్ లీగ్ ఆటగాడికి ఆడుతున్న రోజుల్లోనే చదువు, శిక్షణ, జీతం ఏర్పాటు చేయడం వాళ్లకు పెద్ద ఖర్చేమీ కాదు.

ఈ దారి ఇలాగే ఉంటుందన్న హామీ కూడా లేదు. ఇన్నాళ్లూ బ్యాటింగ్ అంతంత మాత్రమే వచ్చిన రెండో క్యాచర్ జట్టులో నిలబడటానికి ఒక విద్య కాపాడేది. స్ట్రైక్ జోన్ (పిచ్చర్ బంతి వెళ్లాల్సిన ఊహా చట్రం) అంచున పడ్డ బంతిని గ్లవ్ మెల్లగా లోపలికి తెస్తూ పట్టి, అంపైర్ చేత స్ట్రైక్ అనిపించడం. 2026 సీజన్ నుంచి అంపైర్ నిర్ణయాన్ని కెమెరాల లెక్కతో సవాలు చేసే పద్ధతి వచ్చింది. జట్టుకు రెండు సవాళ్లు, సవాలు నెగ్గితే అది తిరిగి మిగులుతుంది. అడిగే హక్కు బ్యాటర్, పిచ్చర్, క్యాచర్ ముగ్గురికే. డగౌట్ నుంచి ఎవరూ సాయం చేయకూడదు. అడగాలనుకున్నవాడు వెంటనే తల మీద తట్టి చెప్పాలి. గ్లవ్ విద్య విలువ దీనితో కొంత తగ్గుతుంది. అప్పుడు జట్లు రెండో క్యాచర్‌గా బ్యాటింగ్ బాగా వచ్చినవాణ్ని వెతకవచ్చని నా అంచనా. మరోవైపు, ఫలానా బంతి అంగుళం బయటికి పోయిందా లోపలుందా, ఉన్న రెండు సవాళ్లలో ఒకటి మూడో ఇన్నింగ్స్‌లోనే వాడాలా వద్దా అని రెప్పపాటులో తేల్చాల్సిన బాధ్యత ఎక్కువగా క్యాచర్ మీదే పడబోతోంది.